అక్క కూతురు మా దగ్గరే పెరుగుతోంది, ఇప్పుడు బావ తీసుకెళ్తానంటున్నాడు. కోర్టుకెళ్తే పాపను ఎవరికిస్తారు?

పాప పిన్ని:

అందరికీ నమస్తే. కాస్త పొడుగ్గా రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి. సగం చెప్తే వచ్చే సలహా కూడా సగమే అవుతుంది కదా.

మా అక్క మూడేళ్ల కిందట జబ్బు చేసి పోయింది. తను ఆస్పత్రిలో ఉన్న ఐదు నెలలూ పాప మా అమ్మానాన్నల దగ్గరే ఉంది, అప్పటికి దానికి నాలుగేళ్లు. అక్క పోయాక బావే, "నేనొక్కణ్ణీ ఉద్యోగం చేసుకుంటూ దీన్ని ఎలా చూసుకోను, కొన్నాళ్లు మీ దగ్గరే ఉంచండి అత్తయ్యా" అన్నాడు. ఆ కొన్నాళ్లు ఇదిగో మూడేళ్లయింది. పాపకి ఏడు నిండాయి, రెండో తరగతి. పొద్దున జడ వేసేది అమ్మ, స్కూల్లో దింపేది నాన్న, హోంవర్కు నా డ్యూటీ.

బావ చెడ్డవాడు కాదు, ఆ మాట ముందే చెప్పేస్తున్నాను. మొదటి రెండేళ్లు నెలకోసారి వచ్చేవాడు, ఫీజులో సగం పంపేవాడు. పోయినేడాది మళ్లీ పెళ్లి చేసుకున్నాడు. అప్పట్నుంచి రావడం తగ్గింది, ఫోన్లూ తగ్గాయి. పోయిన నెల ఉన్నట్టుండి లాయరు నోటీసు వచ్చింది. పదిహేను రోజుల్లో పాపను అప్పగించకపోతే హైకోర్టులో హెబియస్ కార్పస్ (నిర్బంధంలో ఉన్న మనిషిని కోర్టు ముందుకి తెమ్మని అడిగే పిటిషన్) వేస్తారట, మేం పాపను అక్రమంగా నిర్బంధించామట. నిర్బంధించడమేంటండీ! ఆ మాట చదివిన దగ్గర్నుంచి అమ్మకి నిద్ర లేదు. పైగా ఎవరో కిడ్నాప్ కేసు కూడా పెట్టొచ్చని నాన్న చెవిలో వేశారు, ఇంక ఆయన టెన్షన్ చెప్పక్కర్లేదు.

మా దగ్గర ఒక కాగితం ఉంది. అక్క పోయిన రెండో నెలలో బావ స్టాంపు పేపరు మీద "పాప పెంపకం పూర్తిగా అమ్మమ్మ తాతయ్యలకు అప్పగిస్తున్నాను, ఇకమీదట అడగను" అని రాసి సంతకం పెట్టాడు, నోటరీ కూడా అయింది. అది పనికొస్తుందా? తండ్రి రెండో పెళ్లి చేసుకుంటే పిల్లల మీద హక్కు పోతుందంటారు, నిజమేనా? పాపని అడిగితే ఇక్కడే ఉంటానంటుంది, కోర్టు ఏడేళ్ల పిల్ల మాట వింటుందా?

ఇంకొకటి కూడా దాచకుండా చెప్తాను. నోటీసు వచ్చాక బావ ఫోన్ చేస్తే మేం ఎత్తట్లేదు. ఒక ఆదివారం గేటు దాకా వచ్చాడు, నాన్న లోపలికి రానివ్వలేదు, పాప ట్యూషన్‌కి వెళ్లిందని చెప్పి పంపేశాడు. పాప లోపలే ఉంది.

సూటిగా చెప్తా:

బాధపెట్టాలని కాదు గానీ ఆశలు పెట్టుకోకండి. ఐదేళ్ల లోపు పిల్లలు తల్లికి, ఐదు దాటితే తండ్రికి, చట్టం అంతే. తండ్రి బతికుండగా అమ్మమ్మకీ పిన్నికీ ఏ హక్కూ లేదు. 1890 నాటి సంరక్షకులు, మైనర్ల చట్టంలో సెక్షన్ 19 చూసుకోండి. లాయర్లకి డబ్బు తగలేసే ముందు ఆలోచించండి.

నల్లకోటు:

పైన చెప్పినదాంట్లో సగమే నిజం. మిగతా సగాన్ని నమ్మే కొందరు కోర్టు గడప తొక్కకుండానే పిల్లల్ని అప్పగించేస్తారు, ఇంకొందరు రాత్రికి రాత్రి పిల్లల్ని తీసుకుని ఇల్లు మారిపోతారు. రెండూ తప్పే. నేను ఫ్యామిలీ కోర్టులో ప్రాక్టీసు చేస్తాను, ఎక్కువగా ఇవే కేసులు. మీ కాగితాలు చూడకుండా గెలుస్తారనో ఓడతారనో చెప్పను. కోర్టు ఎటువైపు నుంచి ఆలోచిస్తుందో మాత్రం చెప్తాను.

ఆ ఐదేళ్ల సంగతి ముందు తేల్చేద్దాం. అది 1956 నాటి హిందూ మైనారిటీ, సంరక్షకత్వ చట్టం సెక్షన్ 6లోది. మైనరుకి సహజ సంరక్షకుడు తండ్రి, ఆయన తర్వాత తల్లి, ఐదేళ్లు నిండని పిల్లలు మామూలుగా తల్లి దగ్గర ఉండాలి అని. అది తల్లికీ తండ్రికీ మధ్య లెక్క, మీకూ మీ బావకీ మధ్య కాదు. ఐదు దాటిన మర్నాడే పిల్ల తండ్రికి వెళ్లిపోవాలని అందులో ఎక్కడా లేదు. (ఆ "తర్వాత" అన్న మాటకి కూడా తండ్రి చనిపోయాక అనే కాదు, ఉండీ పట్టించుకోనప్పుడు కూడా అని 1999లో గీతా హరిహరన్ కేసులో సుప్రీంకోర్టు అర్థం చెప్పింది. మీకు అవసరం లేదు, ఎవరైనా వాదిస్తారని రాశాను.) అదే చట్టంలో సెక్షన్ 13 మాత్రం మీకు అవసరం. పిల్లల క్షేమమే అన్నిటికంటే ముందు చూడాలనేది అక్కడుంది. మీరు హిందువులు (చట్టం దృష్టిలో బౌద్ధులు, జైనులు, సిక్కులు కూడా) కాకపోతే ఈ చట్టం వర్తించదు, 1890 నాటి సంరక్షకులు, మైనర్ల చట్టం అందరికీ ఉంది, అక్కడా చివరికి తేలేది పిల్ల క్షేమం దగ్గరే.

సెక్షన్ 19 అన్నది నిజమే. తండ్రి గానీ తల్లి గానీ బతికుండి, అనర్హులని కోర్టుకి అనిపించకపోతే, వేరేవాళ్లని సంరక్షకులుగా నియమించదు. కానీ సంరక్షకత్వం వేరు, కస్టడీ వేరు. కాగితం మీద సంరక్షకుడు తండ్రే అయినా పిల్ల రోజూ పడుకుని లేచే ఇల్లు ఇంకొకటి కావచ్చు. 2010లో ఒక ముస్లిం కుటుంబం కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. తల్లి పోయింది, తండ్రి మళ్లీ పెళ్లి చేసుకున్నాడు, పిల్లలు అమ్మ తరఫు తాతయ్య దగ్గరున్నారు. అసలు కేసు తేలేదాకా పిల్లల్ని తాతయ్య దగ్గరే ఉంచమంది. అంచేత రెండో పెళ్లితో హక్కు పోతుందా అంటే పోదు. అలాగని కోర్టు దాన్ని చూడకుండానూ ఉండదు. కొత్త ఇంట్లో పిల్ల ఎలా ఇముడుతుంది, అక్కడ ఎవరెవరున్నారు, కొత్త భార్య పిల్లని కోరి తెచ్చుకుంటోందా మొహమాటానికి ఒప్పుకుందా, ఇవన్నీ అడుగుతారు.

ఇక పైకోర్టు తీర్పులు. పేర్లు రాయను, పిల్లల కేసులు కదా. 1992లో ఒకటి, 2008లో ఒకటి, రెండింట్లోనూ తల్లి చనిపోయింది, తండ్రి మీద ఆమెను వేధించాడన్న క్రిమినల్ కేసు నడుస్తోంది. మొదటిదాంట్లో పిల్లల్ని మేనమామకి, రెండోదాంట్లో అమ్మమ్మ తాతయ్యలకి ఇచ్చింది సుప్రీంకోర్టు. 2008 కేసులో జడ్జీలు పిల్లవాణ్ణి తమ ఛాంబర్‌లోకి పిలిపించుకుని స్వయంగా మాట్లాడారు. ఈ రెండూ పట్టుకుని చాలామంది నా దగ్గరికొస్తారు, "చూడండి, అమ్మమ్మకే ఇచ్చారు" అని. ఇచ్చారు, కానీ అక్కడ తండ్రి మీద ఉన్న ఆరోపణ ఎలాంటిదో చూడండి. మీ బావ మీద అలాంటిదేమీ లేదని మీరే రాశారు.

మీ కథకి దగ్గరగా ఉండేది 2019 తీర్పు. తల్లి క్యాన్సర్‌తో పోయింది, ఆ రోజుల్లోనే తండ్రికీ పెద్ద జబ్బు చేసింది, పాప తల్లి తోబుట్టువుల దగ్గర పెరిగింది. తండ్రి కోలుకుని అడిగితే వాళ్లు ఇవ్వలేదు. సుప్రీంకోర్టు తండ్రికే ఇచ్చింది. 2025లోనూ తాతయ్యకీ తండ్రికీ మధ్య తగాదాలో తండ్రికే ఇచ్చింది, అయితే అక్కడ పిల్లవాడు తల్లి పోయేదాకా ఏళ్ల తరబడి అమ్మానాన్నలిద్దరితో కలిసే పెరిగాడు. మీ పాప సంగతి అది కాదు. నాలుగో ఏడు నుంచీ దానికి ఇల్లంటే మీ ఇల్లే. మీ బలం ఏదైనా ఉంటే అదే, మీరు పిన్ని అవడమో వాళ్లు అమ్మమ్మ అవడమో కాదు.

హెబియస్ కార్పస్ అని భయపడకండి. ఆ పిటిషన్ వేయాలంటే "అక్రమ నిర్బంధం" అనే మాట రాయక తప్పదు, ఆ మాట లేకపోతే పిటిషనే నిలబడదు. మిమ్మల్ని తిట్టడానికి రాసింది కాదది. 2024 సెప్టెంబరులో సుప్రీంకోర్టు ఒక కేసులో, తల్లి చనిపోయాక రెండేళ్ల పాప పెద్దమ్మ, పిన్నుల దగ్గర పెరుగుతుంటే, హెబియస్ కార్పస్‌లో హైకోర్టు తండ్రి వైపు ఇచ్చిన ఉత్తర్వును కొట్టేసింది. పిల్లలేమీ ఒకచోటి నుంచి తీసి ఇంకోచోట పెట్టే వస్తువులు కారు, ఇలాంటివి 1890 చట్టం కింద సాక్ష్యాలు చూసి తేల్చుకోవాలి అంది. తండ్రి వైపువాళ్లు పాపను చూసేందుకు మాత్రం ఏర్పాటు చేసింది. అంటే మీ బావ హైకోర్టుకి వెళ్లినా, ఫ్యామిలీ కోర్టుకి పొమ్మనే అవకాశం బాగానే ఉంది. పోలీసులకు వెళ్లినా అంతే, తండ్రే తెచ్చి అప్పగించిన పిల్ల కాబట్టి కోర్టులో తేల్చుకోమనే సాధారణంగా అంటారు.

ఫ్యామిలీ కోర్టులో చూసేవి 1890 చట్టం సెక్షన్ 17లో ఉన్నాయి. పిల్ల వయసు, ఆడపిల్లా మగపిల్లాడా, మతం, అడిగేవాళ్ల నడవడిక, స్తోమత, చుట్టరికం ఎంత దగ్గరిది, చనిపోయిన తల్లి కోరిక ఏమైనా ఉందా, ఇప్పటిదాకా పిల్లతో వాళ్లకున్న సంబంధం ఏమిటి. పిల్ల తెలివిగా తన ఇష్టం చెప్పగల వయసుదైతే ఆ ఇష్టం కూడా. ఇన్ని ఏళ్ల వయసు అని అంకె లేదు. ఏడేళ్లంటే అడుగుతారు, కానీ అడిగినంత మాత్రాన అదే తీర్పు కాదు.

స్తోమత అంటే డబ్బు అనుకుంటారు చాలామంది. 2021లో కోవిడ్‌తో నెల తేడాలో అమ్మానాన్నలిద్దరూ పోయిన పిల్లవాడి కోసం నానమ్మ తాతయ్యలూ, పిన్నీ కోర్టుకెక్కారు. పిన్నికి ప్రభుత్వ ఉద్యోగం, వయసు తక్కువ, ఉమ్మడి కుటుంబం, అందుకని హైకోర్టు ఆమెకిచ్చింది. 2022 జూన్‌లో సుప్రీంకోర్టు దాన్ని తిప్పేసి తాతయ్యకిచ్చింది. ఆదాయం, వయసు చూసి మాత్రమే తేల్చకూడదు, నానమ్మ తాతయ్యలు ఎక్కువ ప్రేమగా చూసుకుంటారు అని. మీ బావ జీతం మీకంటే ఎక్కువని కంగారుపడకండి, మీ అమ్మానాన్నల వయసు గురించీ అంతే.

ఇప్పుడు మీకు నచ్చని మాట. మీ కాగితాలన్నిటికంటే మీకు ఎక్కువ నష్టం చేసేది ఆ ఆదివారం గేటు దగ్గర జరిగింది. జడ్జి ముందు "పాప ఇంట్లో ఉండగానే లేదని చెప్పారా?" అని అవతలి లాయరు అడిగితే మీ నాన్నగారు ఏం చెప్తారు? పిల్లని పెంచినవాళ్లు తండ్రిని చూడనిస్తున్నారా లేదా అనేది కోర్టు చాలా గట్టిగా చూస్తుంది. ఈ రోజే ఫోన్ కలపండి. నోటీసుకి గడువులోపు లాయరు ద్వారా మర్యాదగా జవాబివ్వండి, అందులో "పాపను ఎప్పుడు వచ్చి చూసినా మాకు అభ్యంతరం లేదు" అన్న వాక్యం ఉండాలి. ఊరికే రాయడం కాదు, నిజంగా చూడనివ్వాలి.

అప్పటి పిల్లాడు:

లాయరు గారు అంతా చెప్పారు. నేను చట్టం చెప్పలేను, ఛాంబర్‌లో కూర్చున్న పిల్లవాణ్ణి కాబట్టి అది చెప్తాను.

నాకు తొమ్మిదేళ్లప్పుడు నాన్న ఒకవైపు, అమ్మమ్మ ఒకవైపు. అమ్మ లేదు. కోర్టుకి వెళ్లే ముందు వారం రోజులు మా మేనమామ నాకు పాఠం చెప్పినట్టు చెప్పాడు. జడ్జి అడిగితే నాన్న కొడతాడని చెప్పాలి, బాగా గుర్తు పెట్టుకో అని. నాన్న నన్ను ఎప్పుడూ కొట్టలేదు. కానీ అమ్మమ్మని వదిలి వెళ్లడం నాకూ ఇష్టం లేదు, అందుకని సరే అన్నాను.

లోపల జడ్జి గారు, పక్కన ఇంకో మేడమ్ మాత్రమే ఉన్నారు, మావాళ్లందరినీ బయట కూర్చోబెట్టారు. నల్ల గౌను తీసేసి కుర్చీకి వేశారు ఆయన. ఏ క్లాసు, ఏ సబ్జెక్టు ఇష్టం, జ్వరం వస్తే రాత్రి ఎవరు పక్కన పడుకుంటారు, ఇలా చాలాసేపు మాట్లాడారు. నేనే ఆగలేక మధ్యలో "నాన్న కొడతాడు" అనేశాను. ఆయన తలెత్తి మామూలుగానే "ఏ చేత్తో?" అన్నారు.

దానికి జవాబు ఎవరూ చెప్పి పంపలేదు. నేను నా రెండు చేతులూ చూసుకున్నాను. ఆయన ఇంకేమీ అడగలేదు, "సరే, వెళ్లి ఆడుకో నాన్నా" అన్నారు. బయటికొచ్చాక మామయ్య చెప్పావా అని అడిగితే చెప్పానన్నాను.

చివరికి నన్ను అమ్మమ్మ దగ్గరే ఉంచారు, జ్వరం వస్తే పక్కన పడుకునేది ఎవరో చెప్పాను కదా, అందుకేనేమో. కానీ నాన్నతో శని, ఆదివారాలు, సెలవుల్లో సగం రోజులు గడపాలన్నారు, మా మామయ్య మాత్రం ఆ ఇంట్లో నా విషయంలో కలగజేసుకోకూడదని మందలించారట. ఇది పెద్దయ్యాక తెలిసింది. నాన్నతో ఆ అబద్ధం గురించి నేను ఇప్పటికీ మాట్లాడలేదు. దయచేసి పాపకి ఏం చెప్పాలో నేర్పకండి. అంతే చెప్పదలచుకున్నా.

రెండో శనివారం నాన్న:

నేను మీ బావ స్థానంలో ఉన్నవాణ్ణి, కోపంగా రాస్తే ఏమీ అనుకోకండి.

భార్య పోయినప్పుడు నా పరిస్థితి కూడా అదే, పాపను అత్తగారింట్లో ఉంచడం తప్ప దారి లేదు. ఆ పని అందరూ మెచ్చుకున్నారు. మళ్లీ అడిగేసరికి "వదిలేసి పోయినవాడివి" అయ్యాను. ఒక్క విషయం నాది తప్పే, మధ్యలో ఏడాదిన్నర సరిగా వెళ్లలేదు. వెళ్తే వాళ్ల అమ్మ ఫొటో ముందు కూర్చోవాలి, నాకు చేతకాలేదు. కోర్టుకి ఆ కారణం ఎలా చెప్తారు, చెప్పినా అవతలివాళ్లు డైరీలో రాసి పెట్టుకున్న తేదీలు చదువుతుంటే నోరు పెగల్లేదు.

పాపను నాకు అప్పగించమని 1890 చట్టం సెక్షన్ 25 కింద వేశాను. ముందు సెక్షన్ 12 కింద మధ్యంతరంగా చూడటానికి అనుమతి ఇచ్చారు, నెలలో రెండో, నాలుగో శనివారాలు, కోర్టు ఆవరణలోనే, రెండు గంటలు. ఆ గదిలో ఒక చక్రం ఊడిన సైకిలు, నాలుగు కుర్చీలు ఉండేవి. మొదటి శనివారం మా పాప నన్ను "అంకుల్" అంది. ఎవరూ నేర్పలేదని నాకు తెలుసు, అది ఇంకా కష్టం. నాలుగో సారికి నా సెల్‌ఫోన్ తీసుకుని ఆడింది. ఏడో సారికి సైకిలు నేను పట్టుకుంటే తొక్కింది, మూడు చక్రాల సైకిలు రెండు చక్రాల మీద.

తర్వాత ఆర్నెల్లకి పగలంతా తీసుకెళ్లొచ్చన్నారు, ఇంకొన్నాళ్లకి రాత్రి కూడా. నా రెండో భార్యను కౌన్సిలర్ విడిగా కూర్చోబెట్టి గంట మాట్లాడారు. మూడేళ్లు నడిచింది. తీర్పు దాకా రాకముందే మీడియేషన్‌లో రాజీ పడ్డాం, స్కూలున్న రోజులు అమ్మమ్మ దగ్గర, సెలవులు నా దగ్గర, ఫీజు మొత్తం నాది. మొదటి రోజే ఎవరైనా కూర్చోబెట్టి ఇది చెప్తే ఒప్పుకునేవాణ్ణి కాదు అనుకోండి, అది వేరే సంగతి.

మీ నాన్నగారు గేటు దగ్గర అబద్ధం చెప్పారు చూడండి, బయట నిలబడ్డవాడికి ఇంట్లోంచి పిల్ల గొంతు వినిపిస్తుంది. నాకు వినిపించింది.

పాప పిన్ని:

అందరికీ థ్యాంక్స్. పై మెసేజీ నాన్నకి చదివి వినిపించాను. ఏమీ మాట్లాడలేదు, లేచి వెళ్లి కాసేపు బయట నిలబడ్డారు.

ఆ కాగితం గురించి ఎవరూ చెప్పలేదు. ఇంకో చిక్కు కూడా ఉంది, అక్క పేరు మీద ఒక ఫ్లాట్ ఉంది, తన సంపాదనతో కొన్నదే. అక్క ఇన్సూరెన్సు డబ్బు పాప పేరు మీద డిపాజిట్ చేశాం. బావ పాప కోసం కాదు, ఆ ఫ్లాట్ కోసమే వస్తున్నాడని మా చిన్నాన్న అంటున్నాడు. అది కోర్టులో చెప్పొచ్చా?

నల్లకోటు:

కాగితం: "ఇకమీదట అడగను" అన్న మాటకి కోర్టులో విలువ లేదు. తండ్రి తన పిల్లని స్టాంపు పేపరు మీద రాసిచ్చేసి చేతులు దులుపుకోలేడు, మీరు దానితో సంపాదించుకునేదీ లేదు. అది దత్తత కూడా కాదు, దత్తతకి 1956 నాటి వేరే చట్టం ఉంది, దాని లెక్కలు వేరు. అయినా పారేయకండి. మూడేళ్ల కిందట ఆయన ఇష్టపూర్వకంగానే మీ దగ్గర ఉంచాడు, మీరు ఎత్తుకొచ్చింది కాదు అని చూపించడానికి బంగారంలా పనికొస్తుంది. అక్రమ నిర్బంధం అన్నదానికి అదే మీ జవాబు.

ఫ్లాట్: మీరు హిందువులైతే, అక్క వీలునామా రాయకుండా పోయి ఉంటే, అది భర్తకీ పిల్లలకీ సమానంగా వస్తుంది. ఒక్కతే పాప కాబట్టి సగం ఆమెది, సగం ఆయనది. పాప సగాన్ని అమ్మాలన్నా తాకట్టు పెట్టాలన్నా సహజ సంరక్షకుడైన తండ్రికి కూడా కోర్టు అనుమతి కావాలి, ముందు చెప్పిన 1956 నాటి మైనారిటీ, సంరక్షకత్వ చట్టం సెక్షన్ 8. అనుమతి లేకుండా అమ్మితే పాప ఆ అమ్మకాన్ని రద్దు చేయించుకోవచ్చు. కాబట్టి పాపను తీసుకెళ్తే ఫ్లాట్ చేతికొస్తుందన్నది లెక్క ప్రకారం తప్పు. రుజువు లేకుండా ఆ మాట కోర్టుకిచ్చే జవాబులో, అంటే కౌంటర్‌లో రాయకండి. రాస్తే మర్నాడు వాళ్లు మీ దగ్గరున్న డిపాజిట్ గురించి అదే మాట అంటారు. ఆ డిపాజిట్‌ని ముట్టుకోవద్దు, పాప ఖర్చులకని కూడా. రసీదులు, బ్యాంకు కాగితాలు ఒక ఫైల్లో పెట్టండి.

ఫైల్లో ఇంకా ఏం పెట్టాలంటే, స్కూలు డైరీలో ఎవరి సంతకాలున్నాయో ఆ పేజీలు, టీకాల కార్డు, డాక్టరు చీటీలు, పేరెంట్స్ మీటింగ్‌లకి ఎవరు వెళ్లారో ఆ రికార్డు. బావ పంపిన ఫీజు వివరాలు కూడా పెట్టండి, దాచకండి. ఆయన పంపినవి ఆయనే చూపిస్తాడు, మీరు దాచినట్టు తేలితే మిగతా కాగితాల మీద కూడా నమ్మకం పోతుంది.

ఎక్కడ వేయాలి అని తర్వాత అడుగుతారు కాబట్టి ఇప్పుడే చెప్తున్నా, పిల్ల మామూలుగా ఎక్కడ నివసిస్తోందో అక్కడి కోర్టే, 1890 చట్టం సెక్షన్ 9. అంటే మీ దగ్గరే. అందుకే పాప స్కూలు గానీ ఇల్లు గానీ మార్చకండి. ఒకవేళ తీర్పు మీకు వ్యతిరేకంగా వచ్చినా ముప్ఫై రోజుల్లో హైకోర్టుకి అప్పీలు వేసుకోవచ్చు, అనుకూలంగా వచ్చినా అదే శాశ్వతం అనుకోవద్దు, పరిస్థితులు మారితే కస్టడీ ఉత్తర్వులు మార్చమని ఎవరైనా అడగొచ్చు. డబ్బు సమస్యైతే మీ జిల్లా న్యాయ సేవాధికార సంస్థకి వెళ్లండి, స్త్రీలకీ పిల్లలకీ ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు. కేసు వేయకముందే అక్కడ ఇద్దర్నీ కూర్చోబెట్టి మాట్లాడించే పద్ధతి కూడా ఉంది. మీ ఇద్దరి మధ్య ఇంకా మరీ చెడలేదనిపిస్తోంది, ముందు అదే చేయండి.

సూటిగా చెప్తా:

ఐదేళ్ల సంగతి నేను తప్పు చెప్పాను, ఒప్పుకుంటున్నా. మా బంధువుల కేసులో అలా అన్నారు, అదే అందరికీ అనుకున్నాను. తండ్రికే ఎక్కువ అవకాశం అన్నది మాత్రం ఇప్పటికీ నా అభిప్రాయం.

నల్లకోటు:

అది నా అభిప్రాయం కూడా, మీరు చెప్పిన కారణం వల్ల కాదు. తండ్రి మంచివాడై, పిల్లని చూసుకోగలిగినవాడై ఉంటే కోర్టు ఈ రోజు కాకపోతే రెండేళ్లకైనా పిల్లని అటువైపు నడిపిస్తుంది. ఎంత నెమ్మదిగా, ఏ పద్ధతిలో అన్నదే మీరు నిజంగా గెలుచుకోగలిగేది. శని, ఆదివారాలు పెంచుకుంటూ పోవడమా, రేపు పొద్దున సూట్‌కేసు సర్దడమా అన్నది.

పాప పిన్ని:

మూడు వారాల తర్వాత రాస్తున్నాను. నోటీసుకి జవాబిచ్చాం. న్యాయ సేవాధికార సంస్థలో అర్జీ పెట్టాం. మొన్న ఆదివారం బావ వచ్చాడు, ఈసారి నాన్నే గేటు తీశారు. ఆయన రెండో భార్య లోపలికి రాలేదు, కారులోనే కూర్చుంది, అమ్మ వెళ్లి పిలిచింది. పాప మొదట నా వెనకాల దాక్కుంది. తర్వాత తనే వెళ్లి, నోరు తెరిచి, ఊడిన ముందు పన్ను చోటు బావకి చూపించింది. ఎప్పుడు ఊడిందని బావ అడిగితే "నువ్వు గేటు దగ్గరికి వచ్చావు కదా, ఆ రోజు" అంది. దానికి తెలుసని మాకెవరికీ తెలియదు.

మాట్లాడుకోవడానికి వచ్చే నెల 12న రమ్మని ఇద్దరికీ కాగితం వచ్చింది. పొద్దున పదిన్నరకి. పాప ఆ రోజు స్కూలు మానాలా, లేక సగం రోజు పంపి మధ్యాహ్నం తీసుకెళ్తే సరిపోతుందా?

నల్లకోటు:

కాగితంలో పాపను తీసుకురమ్మని రాసి ఉందా?

పాప పిన్ని:

లేదండి, మా పేర్లే ఉన్నాయి.

నల్లకోటు:

అయితే తీసుకెళ్లొద్దు. వాళ్లు కావాలంటే విడిగా పిలుస్తారు. ఆ రోజు కూడా మామూలుగానే జడ వేసి స్కూలుకి పంపండి.